మనం పండించని పంటకు మద్దతు ధర

తణుకులో మా అన్నయ్యకు చిన్న టిఫిన్ హోటల్ ఉంది. నాన్న పెట్టినది. పొద్దున పెసరట్టు, సాయంత్రం పునుగులు, పకోడీ. వారానికి మూడు బస్తాల ఉల్లిపాయలు, ఒక బస్తా బంగాళాదుంపలు కావాలి. ఆదివారం తెల్లవారుజామున తాడేపల్లిగూడెం టోకు మార్కెట్‌కు వెళ్ళి సరుకు తెచ్చుకోవడం నాన్న రోజుల నుంచి ఉన్న అలవాటు. సెలవు దొరికినప్పుడల్లా అన్నయ్యతో నేనూ వెళ్తాను.

2025 సెప్టెంబరులో అలా వెళ్ళిన ఒక ఆదివారం గురించి చెప్పాలి. కర్నూలు సరుకు విపరీతంగా వచ్చిన రోజులవి. లారీలు రోడ్డు మీద వరుసకట్టి ఉన్నాయి. ముఠా కార్మికులు బస్తాలు దించి దించి అలసిపోయి అరుగుల మీద కూర్చున్నారు. మేము ఎప్పుడూ కొనే కొట్టు ముందు ఒక లారీ ఆగి ఉంది. దాని నీడలో ఒక రైతు కూర్చుని ఉన్నాడు. తన సరుకుతో పాటు మరో ముగ్గురి సరుకూ కలిపి, కిరాయి పంచుకుని, నాలుగు వందల కిలోమీటర్లు దాటి వచ్చాడట. గుమస్తా కిలో ఏడు రూపాయలన్నాడు. అన్నయ్య అలవాటు ప్రకారం ఒక పాయ చేతిలోకి తీసుకుని నొక్కి చూసి, తడి ఉందన్నాడు. ఆ రైతు లేచి వచ్చి, ఆగస్టు వానలకు తడిసిన మాట నిజమే గానీ ఆరబెట్టే తెచ్చామని చెప్పాడు. చివరికి ఆరు రూపాయలకు తెగింది.

బస్తాలు మా ఆటోలోకి ఎక్కిస్తుండగా ఆయన అన్నయ్యను అడిగాడు: "మీ దగ్గర వడ్లకు ఎంత ఇస్తారన్నా?"

క్వింటా 2,369 రూపాయలని అన్నయ్య చెప్పాడు. మా లెక్క ఎప్పుడూ 75 కిలోల బస్తాల్లో కాబట్టి, బస్తాకు 1,777 అని కూడా చెప్పాడు. ఆయన ఒక క్షణం ఆగి మళ్ళీ అడిగాడు: "అది ముందే చెబుతారా? నారు పోయకముందే?"

ముందే చెబుతారు. కేంద్ర ప్రభుత్వం ఏటా ప్రకటిస్తుంది. ఆ ధర మాకు చేతికి వచ్చే తీరులో ఎన్ని లోపాలున్నా, తేమ 17 శాతం దాటిందని ఎన్ని బస్తాలు వెనక్కి వచ్చినా, ఆ అంకె అంటూ ఒకటి ఉంది. దాన్ని పట్టుకుని పోట్లాడవచ్చు. ఆ రైతుకు పట్టుకోవడానికి ఏమీ లేదు. ఉల్లికి కనీస మద్దతు ధర లేదు, బంగాళాదుంపకూ లేదు. ఆయన అడిగింది ఫిర్యాదులా లేదు, నిందలా అసలే లేదు. తెలుసుకుందామని అడిగినట్టే అడిగాడు. అందుకే ఆ ప్రశ్న నన్ను వదలలేదు.

ఈ వ్యాసం రాయడానికి కారణం ఆ ప్రశ్నే. ఉల్లి పండించని గోదావరి డెల్టా వాళ్ళమే ఉల్లికి ఒక కనీస ధర ఉండాలని గట్టిగా అడగాలని నా వాదన. రైతు మీద జాలితో మాత్రమే కాదు, మన వంటింటి కోసం కూడా.

మన నేల సంగతి మనకు తెలుసు. ధవళేశ్వరం ఆనకట్ట కట్టిన దగ్గర నుంచి ఇది వరి నేల. నీరు నిలిచే నల్లమట్టి. కొబ్బరి, అరటి, చేపలు, రొయ్యలు అన్నీ ఉన్నాయి గానీ, ఉల్లి మాత్రం కొనుక్కోవలసిందే. పులస పులుసు మనదే కావచ్చు, అందులో వేసే ఉల్లి ఎక్కడిదో అక్కడిది. ఆగస్టు నుంచి కొన్ని నెలలు కర్నూలుది, మిగతా కాలమంతా ప్రధానంగా మహారాష్ట్రది. బంగాళాదుంప అయితే తన ఊరు పేరులోనే మోసుకుని తిరుగుతోంది. రాయలసీమలో ఉర్లగడ్డ, తెలంగాణలో ఆలుగడ్డ అంటారు, మనకు మాత్రం బంగాళం నుంచి వచ్చిన దుంప. ఇప్పుడు ఆగ్రా వైపు నుంచి వచ్చేదే ఎక్కువగా కనిపిస్తున్నా పేరు మారలేదు.

కొనుక్కుని తినే ప్రాంతం కాబట్టి ధర పెరిగినప్పుడే మనకు ఉల్లి గుర్తొస్తుంది. 2019 నవంబరు, డిసెంబరు నెలలు నాకు బాగా గుర్తు. కిలో వంద దాటింది. రాష్ట్ర ప్రభుత్వం రైతు బజార్లలో 25 రూపాయలకు అమ్మించింది, వాటి కోసం తెల్లవారకముందే వరుసలు. మా నాన్న అప్పటికి ఉన్నారు. ఉల్లి పెసరట్టు మానేసి అల్లం పెసరట్టు మాత్రమే వేసేవారు. పకోడీలో క్యాబేజీ కలపమని ఎవరో సలహా ఇస్తే, అంతకన్నా పకోడీ మానేయడం మంచిదని మానేశారు. ఆ రెండు నెలలూ పత్రికల్లో, టీవీల్లో ఉల్లే. అదే ఉల్లి కిలో మూడు రూపాయలకు పడిపోయిన నెలల్లో ఎంతమంది మాట్లాడారో ఎవరికి వారు గుర్తు చేసుకోవచ్చు.

ఈ రెండు వార్తలూ నిజానికి ఒకటే వార్త. 2023 సంవత్సరాన్ని చూడండి. ఫిబ్రవరిలో షోలాపూర్ మార్కెట్‌లో ఒక రైతు పది బస్తాలు, 512 కిలోల ఉల్లి అమ్మాడు. కిలో రూపాయి. కిరాయి, కాటా, హమాలీ ఖర్చులు పోగా చేతికి వచ్చిన చెక్కు రెండు రూపాయలు. అప్పుడు మహారాష్ట్ర ప్రభుత్వం క్వింటాకు 350 రూపాయల సాయం ప్రకటించింది. అదే సంవత్సరం ఆగస్టు 19న, ధర పెరుగుతోందని కేంద్రం ఉల్లి ఎగుమతుల మీద 40 శాతం సుంకం వేసింది. అక్టోబరు చివర్లో టన్నుకు 800 డాలర్ల కన్నా తక్కువకు పంపకూడదంది. డిసెంబరు 8న ఎగుమతిని పూర్తిగా ఆపేసింది. రెండు రూపాయల చెక్కుకూ నిషేధానికీ మధ్య పది నెలలు కూడా గడవలేదు!

ఇది ఎలా జరుగుతుందో తెలియాలంటే ఉల్లి కాలాలు తెలియాలి. మార్చి చివరి నుంచి మే వరకు వచ్చే రబీ పంటే దేశం మొత్తానికి ఆధారం, ఏడాది పంటలో దాదాపు 70 శాతం అదే. దాన్నే నిల్వ చేయగలం. నాసిక్ ప్రాంతంలో వెదురు తడికెల షెడ్లు కట్టి, నేలకు కాస్త ఎత్తులో, గాలి ఆడేలా పోసి ఉంచుతారు. అలా ఉంచినా అక్టోబరుకు వచ్చేసరికి ఎండి తూకం తగ్గేది, కుళ్ళేది, మొలకెత్తేది అంతా కలిపి పాతిక శాతం పైనే పోతుంది. ఖరీఫ్ పంట, అంటే మన కర్నూలు పంట లాంటిది, నీరు ఎక్కువగా ఉండే పాయ. నిల్వకు ఆగదు. తవ్విన వెంటనే అమ్మాలి. రబీ నిల్వలు అడుగంటుతూ, ఖరీఫ్ పంట ఇంకా పూర్తిగా రాని ఆ కొద్ది వారాల సందులో వాన పడితే చాలు, ధర ఎగిరిపోతుంది. 2023లో ఫిబ్రవరి ఎండలకు తోడు మార్చి, ఏప్రిల్‌లలో అకాల వర్షాలు పడి రబీ పాయ నిల్వ గుణం దెబ్బతింది. ఆగస్టులో కనిపించిన ధరకు బీజం అక్కడ పడింది.

కర్నూలు పాయ నిల్వకు ఆగదని మేము పుస్తకంలో చదివి నేర్చుకోలేదు. ఒక ఏడాది ధర బాగా పడిపోయిందని అన్నయ్య ఇరవై బస్తాలు ఒకేసారి తెచ్చాడు. హోటల్ వెనుక రేకుల షెడ్డులో చెక్కల మీద పేర్చాం, ఫ్యాను పెట్టాం. అక్టోబరు గాలిలో మన దగ్గర ఎంత తేమ ఉంటుందో తెలిసిందే. పదో రోజుకు అడుగు బస్తాల నుంచి నీరు కారింది. పై పొరల కింద నల్ల బూజు. వదినా నేనూ రెండు రోజులు కూర్చుని ఏరితే సగానికి కొంచెం ఎక్కువ మిగిలింది. ఆ వాసన షెడ్డును నెల దాకా వదల్లేదు. అప్పటి నుంచి నేను ఒక మాట అనడం మానేశాను: "ధర లేనప్పుడు అమ్మకుండా దాచుకోవచ్చు కదా?" దాచుకునే వీలు ఆ పాయకే లేదు.

బంగాళాదుంప కథ వేరు. ఉత్తరప్రదేశ్‌లో, పశ్చిమ బెంగాల్‌లో పంట వచ్చేది ప్రధానంగా జనవరి నుంచి మార్చి లోపే. అయినా నవంబరు దాకా మనకు దుంప దొరుకుతోందంటే అదంతా శీతల గిడ్డంగుల పుణ్యమే. అందుకే దుంప ధర ఉల్లి ధరలా రాత్రికి రాత్రి గెంతులు వేయడం తక్కువ. కానీ గిడ్డంగి తలుపు దగ్గర ఇంకెవరి చేయో ఉంటుంది. 2024లో తమ రాష్ట్రంలో ధర పెరుగుతోందని పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం దుంపలు బయటికి వెళ్ళకుండా సరిహద్దులో లారీలు ఆపింది. బెంగాల్ దుంప మీదే ఆధారపడ్డ ఒడిశా అల్లాడింది. కొనుక్కుని తినేవాళ్ళకు ఎప్పుడైనా ఎదురయ్యే ప్రమాదమిది. అదే దుంపకు దిగుబడి ఎక్కువైన ఏడాది గిడ్డంగి అద్దె కూడా రాదని రైతు సరుకును అక్కడే వదిలేయడమూ ఉంది. చల్లదనం సరుకును కాపాడుతుంది, ధరను కాపాడదు.

ఇక ధర అనే మాట దగ్గరకు వద్దాం. పత్రికలో "ఉల్లి క్వింటా 2,000" అని చూసి మనం ఒక అభిప్రాయానికి వచ్చేస్తాం. మార్కెట్ యార్డుల నుంచి రోజూ మూడు అంకెలు వస్తాయి: కనిష్ఠ ధర, గరిష్ఠ ధర, ఎక్కువ సరుకు అమ్ముడైన ధర. శీర్షికలోకి ఎక్కేది చాలాసార్లు గరిష్ఠమే. అది ఆ రోజు వచ్చిన సరుకులో అతి మంచి కుప్పకు, బహుశా ఒకరిద్దరు రైతులకు దక్కిన ధర. భీమవరం వాళ్ళకు ఇది విడమరిచి చెప్పనక్కరలేదు. రొయ్య ధర ఎంత అని ఎవరైనా అడిగితే "ఎంత కౌంటు?" అని, అంటే కిలోకు ఎన్ని తూగుతాయని, తిరిగి అడుగుతారు. ముప్పై కౌంటు ధర విని వంద కౌంటు రైతు బాగుపడ్డాడని ఎవరూ అనుకోరు. ఉల్లి దగ్గరకు వచ్చేసరికి ఆ జ్ఞానం మనకు ఎందుకు ఉండదో నాకు అర్థం కాదు. పెద్ద పాయ, నడిపాయ, సన్నపాయ, తడిసిన పాయ, ఒక్కొక్కదానికి ఒక్కొక్క ధర. ఆ ఆదివారం మా దగ్గరున్న రైతు పత్రికలోని ధరను చూసి లారీ ఎక్కాడు, కనిష్ఠ ధరకు దిగాడు.

మరి మనం కొట్టులో ఇచ్చే డబ్బు ఎటు పోతోంది? రిజర్వు బ్యాంకు 2024లో వెలువరించిన ఒక అధ్యయన పత్రం ప్రకారం, వినియోగదారు ఉల్లికి పెట్టే రూపాయిలో రైతుకు చేరేది 36 పైసలు, బంగాళాదుంపలో 37 పైసలు, టమాటాలో 33 పైసలు. ఈ అంకె చెప్పగానే మిగిలినదంతా దళారి తిన్నాడని తీర్మానించడం తేలిక. నేను ఆ తీర్మానంతో ఏకీభవించను. మా సందు చివర కొట్టాయన యాభై కిలోల బస్తా తెస్తే వానాకాలంలో మూడు నాలుగు కిలోలు పారబోయాలి. కిరాయి, దింపుడు కూలి, కొట్టు అద్దె, అరువు ఎగవేతలు అన్నీ ఆ 64 పైసల్లోనే ఉన్నాయి. దోచుకునేవాళ్ళు లేరని అనడం లేదు. కానీ టోకు ధర సగానికి పడినప్పుడు ఈ ఖర్చుల్లో ఒక్కటీ సగానికి పడదు. అందుకే రైతుకు ఆరు రూపాయలు వచ్చిన ఆ వారం కూడా మా వీధిలో కిలో ఇరవై. పతనంలో మనకు దక్కేది చాలా తక్కువ. ఆ పతనం చూసి భయపడి వచ్చే ఏడాది రైతు నాటు తగ్గిస్తే, అప్పుడు పెరిగే ధర మాత్రం పూర్తిగా మన నెత్తినే పడుతుంది.

వదినతో ఇదే వాదన జరిగింది. ఆమె అన్న మాట న్యాయమైనదే: "నీకు నెల జీతం వస్తుంది కాబట్టి ఇలా మాట్లాడుతున్నావు. రోజు కూలి మీద బతికే ఇంట్లో ఉల్లి పది రూపాయలు పెరిగితే ఆ పది రూపాయలకే ఏడుస్తారు. ధర తక్కువ ఉంటే తప్పేముంది?" ఇద్దరం కాగితం తీసుకున్నాం. నలుగురున్న ఇంటికి నెలకు ఐదు కిలోలు. కిలో 25 నుంచి 60కి పెరిగితే నెలకు 175 రూపాయలు అదనం. పేద ఇంటికి అది చిన్న మొత్తమని నేను అనను. వంద క్వింటాళ్ళు పండించిన రైతుకు కిలో 20 నుంచి 6కి పడితే పోయేది 1,40,000 రూపాయలు. మొదటి ఇంటిని రైతు బజారులో రాయితీ ధరకు ఇచ్చి ఆదుకోవచ్చు, 2019లో అదే చేశారు. రెండో ఇల్లు ఆ ఒక్క సీజనుతో అప్పులోకి దిగుతుంది. వదిన పూర్తిగా ఒప్పుకుందని చెప్పను. "రాయితీ వరుసలో నిలబడింది నేను, నువ్వు కాదు" అంది. ఆ మాటకు నా దగ్గర జవాబు లేదు.

ప్రభుత్వాలు ఏమీ చేయడం లేదని అనడం అన్యాయమవుతుంది. ఆ సెప్టెంబరులోనే మన రాష్ట్ర ప్రభుత్వం కర్నూలు ఉల్లిని రాష్ట్ర సహకార మార్కెటింగ్ సంస్థ అయిన మార్క్‌ఫెడ్ ద్వారా క్వింటా 1,200 రూపాయలకు కొనిపించింది. తర్వాత హెక్టారుకు 50,000 రూపాయల సాయం ప్రకటించింది, అంటే ఎకరాకు సుమారు ఇరవై వేలు. మంచిదే. కానీ ఇవన్నీ పంట తవ్వాక, ధర పడ్డాక, రైతులు రోడ్డెక్కాక వచ్చినవి. నారు పోసే రోజున ఆ 1,200 అనే అంకె రైతుకు తెలియదు. తెలిసి ఉంటే కొందరు వేసేవారు, కొందరు మానుకునేవారు, లారీ కట్టుకుని తాడేపల్లిగూడెం రావాలా వద్దా అనేది కూడా ముందే తేల్చుకునేవారు. కేంద్రానికి మార్కెట్ జోక్య పథకం ఉంది. మామూలు ఏడాది కన్నా ధర పది శాతం పడితే, రాష్ట్రం అడిగితే, అప్పుడు కదులుతుంది. 2025లో దాన్ని సవరించి, ధరల తేడాను నేరుగా రైతుకు చెల్లించే వీలు కల్పించారు. ఉల్లి, టమాటా, బంగాళాదుంపలను పండే రాష్ట్రం నుంచి కొనే రాష్ట్రానికి చేర్చే రవాణా, నిల్వ ఖర్చులూ అందులో చేర్చారు. దాన్ని అడిగేవాళ్ళు ఉండాలి, అడగవలసిన సమయానికి అడగాలి.

ధర పెరిగినప్పుడు ఇదే వ్యవస్థ ఎంత చురుకో! 2024 అక్టోబరులో ధర పెరిగితే నాసిక్ నుంచి ఢిల్లీకి ప్రత్యేకంగా రైలు వేసి 1,600 టన్నుల ఉల్లి పంపారు. 1998లో ఢిల్లీ ఎన్నికల్లో అధికార పక్షం ఓడింది ఉల్లి ధర వల్లనేనని ఇప్పటికీ చెప్పుకుంటారు, ఆ భయం అందరికీ ఉంది. ధర పడిపోయినందుకు భయపడటం మాత్రం ఇప్పుడిప్పుడే మొదలైంది. ఎగుమతి నిషేధం తర్వాత 2024 లోక్‌సభ ఎన్నికల్లో నాసిక్, దిండోరి స్థానాలు రెండూ అధికార కూటమి చేజారాయి. 2025 ఏప్రిల్ 1 నుంచి ఎగుమతి సుంకం పూర్తిగా ఎత్తేశారు. మళ్ళీ ఎప్పుడు వేస్తారో ఎవరికీ తెలియదు. సుంకాలు వేయకూడదని నేను అనను. ఫలానా ధర దాటితే ఫలానా సుంకం పడుతుందని విత్తనానికి ముందే చెప్పండి, రాత్రికి రాత్రి వేయకండి అంటున్నాను.

డెల్టా వాళ్ళమే ఎందుకు అడగాలంటే, ధర లేని పంట అంటే ఏమిటో మనకు తెలుసు కాబట్టి. 2011 ఖరీఫ్‌లో కోనసీమ రైతులు పంట విరామం ప్రకటించారు. నీరు ఉండి, నేల ఉండి, చేను బీడు పెట్టారు. వరి పండిస్తే గిట్టడం లేదని దేశానికి చెప్పడానికి అన్నం పెట్టే నేలకు అదొక్కటే మార్గంగా కనిపించింది. ప్రభుత్వం రిటైర్డ్ ఐఏఎస్ అధికారి మోహన్ కందా అధ్యక్షతన కమిటీ వేసింది. మద్దతు ధర ఉన్న పంటకే ఆ గతి పట్టింది. ఆ ధర కూడా లేని పంట వేసినవాడి సంగతి మనకన్నా బాగా ఎవరికి అర్థం కావాలి?

అందుకే ఒక అర్జీ రాశాను. సోమవారం భీమవరం కలెక్టరేట్‌లో అర్జీలు తీసుకుంటారు, అక్కడ ఇవ్వాలని. కర్నూలు ఉల్లికి నాట్లకు ముందే కొనుగోలు ధర ప్రకటించాలని, సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో మన జిల్లా సంక్షేమ హాస్టళ్ళకు, మధ్యాహ్న భోజన పథకానికి కావలసిన ఉల్లిని ఆ ధరకే తెప్పించాలని, మన రైతు బజార్లలో చిల్లర ధర పలక పక్కనే ఆ రోజు టోకు ధరలు మూడూ, కనిష్ఠంతో సహా, రాయించాలని అడిగాను. కింద ఉల్లి సాగు ఖర్చు అంటూ ఒక పట్టిక వేశాను. విత్తనం, దుక్కి, ఎరువులు, మందులు, కలుపు, తవ్వకం, కోత, సంచులు, కిరాయి. అంకెల గడులు ఖాళీగా వదిలాను. ఆ రైతు ఫోను నంబరు అన్నయ్య దగ్గర ఉంది, ఆయనే నింపాలి.

అమలాపురం దగ్గర మా మేనమామకు చూపించాను. 2011లో చేను బీడు పెట్టినవాళ్ళలో ఆయన ఒకరు. మొదట, "మనం వేయని పంటకు మనమెందుకమ్మా?" అన్నారు. తర్వాత కళ్ళజోడు పెట్టుకుని పట్టిక వేలితో గీసుకుంటూ రెండుసార్లు చదివారు. నా చేతిలోని కలం తీసుకుని, కిరాయి కింద ఇంకో గడి గీసి "కౌలు" అని రాసి, ఆ తర్వాత సంతకం పెట్టారు.